పదిహేడో గది కార్డులమ్మ

పెద్దాసుపత్రి వెనక, బట్టలు ఉతికే షెడ్డు దాటాక, పదిహేడో నంబరు గది ఉంటుంది. తలుపు మీద నంబరు తప్ప బోర్డు లేదు. బోర్డు వద్దని ఆ గది తెరిచిన మొదటి డాక్టరుగారే చెప్పారట. అక్కడ ఇచ్చేవి హెచ్‌ఐవి మందులు. వచ్చేవాళ్లకు దారి తెలుసు, రానివాళ్లకు తెలియాల్సిన పనిలేదు.

ఆ గదిలో కిటికీ పక్కన కూర్చుని కార్డులు తీసే గుమాస్తాను అందరూ కార్డులమ్మ అనేవారు. అసలు పేరు జీతం పట్టీ మీద ఉండేది, ఇంకెక్కడా వినపడేది కాదు. పందొమ్మిదేళ్లుగా ఆమెది అదే కుర్చీ. ఎదురుగా ఇనప బీరువా, అందులో ఆరు సొరుగులు, సొరుగుల నిండా పసుపు రంగు అట్టకార్డులు. కార్డు మీద నంబరు, వయసు, మాత్రల రకం, నెలనెలా వచ్చిన తేదీలు మాత్రమే ఉంటాయి. ఏ నంబరు ఎవరిదో రాసిన రిజిస్టరు ఒక్కటే ఉంది. అది బీరువా అడుగు అరలో తాళం వేసి ఉంటుంది. ఆ తాళంచెవి కార్డులమ్మ మెడలో తాడుకు వేలాడుతుంది.

ఇంత కట్టుదిట్టం ఆమెకు పుట్టుకతో రాలేదు. ఆ కుర్చీలో చేరిన మొదటి నెలలో, అంతకుముందు ల్యాబులో సీసాలు కడిగిన వాసన చేతులనుంచి ఇంకా పోకముందే, ఒక పొరపాటు చేసింది. ఒకాయన్ని పేరు పెట్టి గట్టిగా పిలిచింది. బెంచీ చివర కూర్చున్న మనిషి తలెత్తి చూశాడు. ఇద్దరిదీ ఒకే వీధి. పిలిపించుకున్నాయన మందు తీసుకోకుండానే లేచి వెళ్లిపోయాడు, మళ్లీ రాలేదు. ఏడాది తిరక్కుండానే అతను పోయాడన్న కబురు మాత్రం వచ్చింది. ఆ రోజునుంచి ఆమె ఎవరి పేరూ పలికి ఎరగదు. నంబరు కూడా పక్కవాడికి వినపడనంత మెల్లగా అనేది. కొన్నాళ్లకు అదీ అవసరం లేకపోయింది. వసారాలో కాలి చప్పుడు వినగానే సొరుగు లాగేది. మనిషి కిటికీ దగ్గరికి వచ్చేసరికి కార్డు బల్ల మీద ఉండేది.

బజార్లో ఎవరైనా ఎదురైతే ఆమె చూపు కొట్ల మీదికి పోయేది. పలకరింపు లేదు, నవ్వు లేదు. భర్త పోయి పదకొండేళ్లు. పిల్లలు లేరు. ఇంట్లో ఆమె, ఎనభై దాటిన అత్తగారు, అంతే. కాళ్లు బాగున్న రోజుల్లో అత్తగారు ఆమెతో బజారుకు వచ్చి, ఇంటికెళ్లాక ఇరుగుపొరుగుతో అనేది, "మా కోడలికి ఊళ్లో సగం మంది తెలుసు, ఒక్కళ్లతోనూ మాట్లాడదు. పొగరనుకునేరు. అది దాని ఉద్యోగం." చెవులు సరిగా వినపడవు గానీ అత్తగారి నోరు మాత్రం నిక్షేపంలా ఉంది.

అలాంటి గదిలోకి ఒక సోమవారం పొద్దున మిషను వచ్చింది.

అరచేతిలో ఇమిడేంత నల్లపెట్టె, మీద గాజుబిళ్ల, పక్కన ఎర్రదీపం. అప్పటికే దేశంలో ప్రతి మనిషికీ ఒక గుర్తింపు సంఖ్య ఉంది. పది వేళ్లూ రెండు కళ్లూ ఫొటో తీసి ఇచ్చిన సంఖ్య అది. రేషను, బ్యాంకు, బడి, ఫోను అన్నీ దానికి ముడిపడ్డాయి. ఇక ఆసుపత్రుల వంతు.

మిషను బిగించడానికి వచ్చినాయన మర్యాదస్తుడే. "ఇక ఈ అట్టముక్కలతో పనిలేదమ్మా. వేలు పెడితే మనిషెవరో మిషనే చెప్పేస్తుంది," అన్నాడు.

"మిషను చెప్పకపోయినా ఎవరొచ్చారో నాకు తెలుసు బాబూ."

"మీకు తెలిస్తే సరిపోదమ్మా. పైవాళ్లకి తెలియాలి."

కార్డులమ్మకు ఆ మిషను మీద మొదట్లో కోపమేమీ లేదు. ఆ మాట ఆమె తర్వాత్తర్వాత కూడా దాచలేదు. రెండేళ్ల కిందట ఒకడు రెండు ఊళ్లలో రెండు పేర్లతో మందులు తీసుకుని ఒక వాటా బయట అమ్ముకున్నాడు. వేలిముద్ర ఉంటే అలాంటివాడు మొదటి రోజే దొరికేవాడు. అత్తగారిని పింఛను కోసం నెలకోసారి ఆఫీసుకు మోసుకెళ్లే బాధ కూడా ఈ వేలిముద్ర వల్లే తప్పింది, పెట్టె పట్టుకుని ఒకమ్మాయి ఇంటికే వస్తోంది. మంచిదే కదా అనుకుంది. ఓపిగ్గా అందరి వేళ్లూ పెట్టించింది. చెమట పట్టిన వేలికి గుడ్డ ఇచ్చింది, వణికే వేలిని పట్టుకుంది.

ఆరొందల పన్నెండో నంబరు అమ్మాయి వేలు మిషను నాలుగుసార్లు కాదంది. ఆ అమ్మాయికి ఇరవయ్యారేళ్లు. భర్త ఈ జబ్బుతోనే పోయాడు, పోయేముందు ఆమెకూ ఇచ్చి పోయాడు. అత్తమామల దగ్గర ఉంటోంది. జబ్బు సంగతి ఇంట్లో ఎవరికీ తెలియదు. కొడుకు ఊపిరితిత్తుల జబ్బుతో పోయాడనే వాళ్ల నమ్మకం. "రావట్లేదమ్మా, వచ్చే నెల చూద్దాంలే," అని ఆ పిల్ల వెనక్కి తగ్గబోయింది. కార్డులమ్మే ఆమె బొటనవేలు పట్టుకుని, తడిగుడ్డతో తుడిచి, గాజుబిళ్ల మీద గట్టిగా నొక్కింది. పచ్చదీపం వెలిగింది. "చూశావా, ఎంతసేపు పట్టింది!" అని నవ్వింది కూడా.

రెండో నెలలో బెంచీలు పలచబడ్డాయి.

మొదట వానలనుకుంది. వానలు తగ్గాయి, బెంచీలు నిండలేదు. మిషను వచ్చాక కార్డుల మీద తేదీలు వేయనక్కర్లేదని చెప్పినా ఆమె మానలేదు, చేతికి అలవాటైన పని. ఒక మధ్యాహ్నం తలుపు దగ్గరికి వేసి ఆరు సొరుగులూ బల్ల మీద దించి లెక్కపెట్టింది. ఏ నెలలోనైనా ఐదారుగురు ఆలస్యం చేస్తారు. ఈసారి నలభై ఒక్క కార్డుల మీద తేదీ లేదు. మళ్లీ లెక్కపెట్టింది. నలభై ఒకటే. అందులో పదేళ్లుగా ఒక్క నెలైనా తప్పనివాళ్లు ఉన్నారు. ఆరొందల పన్నెండు ఉంది.

డాక్టరమ్మకు చూపించింది. డాక్టరమ్మ కళ్లజోడు తీసి బల్ల మీద పెట్టి, "పైకి రాశాను. ఏం జవాబొచ్చిందో చూడండి," అంటూ ఒక కాగితం ఇచ్చింది. అది అభినందన పత్రం. వేలిముద్ర విధానం వల్ల ఈ కేంద్రంలో నలభై ఒక్కమంది నకిలీ రోగులు తొలగిపోయారనీ, నకిలీల ఏరివేతలో ఈ ఆసుపత్రి ముందు వరుసలో నిలిచిందనీ, సిబ్బందికి శుభాకాంక్షలనీ అందులో ఉంది.

కార్డులమ్మ రెండుసార్లు చదివింది. "నకిలీలా? వీళ్ల దగ్గు నాకు తెలుసు డాక్టరమ్మా. వీళ్ల పిల్లలు ఏ క్లాసో నాకు తెలుసు."

"నాకూ తెలుసు," అంది డాక్టరమ్మ. "కానీ ఎందుకు రావట్లేదో తెలియట్లేదు. మందు ఆపేస్తే ఎన్నాళ్లు బాగుంటారు చెప్పండి?"

ఆ ప్రశ్న కార్డులమ్మతోపాటు ఇంటికి వచ్చింది. అత్తగారికి అన్నం పెడుతూ విషయం చెప్పింది, పేర్లు లేకుండా. అత్తగారు చెవి దగ్గర చెయ్యి పెట్టుకుని అంతా విని, "రేషనుకూ వేలే, పింఛనుకూ వేలే, ఆ జబ్బుకూ వేలేనా? పిడుక్కీ బియ్యానికీ ఒకటే మంత్రమన్నట్టుంది. ఇక్కడ కూర్చుని నన్నడిగితే ఏం లాభం? రానివాళ్లని వెళ్లి అడుగు," అంది.

పందొమ్మిదేళ్లుగా బజార్లో తల తిప్పుకున్న మనిషి ఎలా వెళ్లి అడుగుతుంది? రెండు రోజులు ఆలోచించి, తన తెల్లకోటు ఒకటి సంచిలో పెట్టుకుని దర్జీ కొట్టుకు బయల్దేరింది.

ఆ దర్జీది మూడొందల నలభై ఏడో నంబరు కార్డు. కొట్లో అతనూ భార్యా ఇద్దరూ ఉన్నారు. భార్య బయటి బల్ల దగ్గర ఫోనులో ఎవరికో కొలతలు చెబుతోంది. కార్డులమ్మను చూసి దర్జీ చేతిలో కత్తెర ఆగిపోయింది.

"ఈ కోటు భుజాల దగ్గర బిగుతైంది. కాస్త వదులు చేయాలి," అంది ఆమె, కొత్త మనిషిలా.

దర్జీ టేపు తీసుకుని ఆమెను లోపలి గుడ్డ తెర దగ్గరికి తీసుకెళ్లాడు. భుజం కొలుస్తూ, పెదవులు కదిలీ కదలనట్టు, "ఎందుకొచ్చావక్కా?" అన్నాడు.

"నువ్వెందుకు రావట్లేదు తమ్ముడూ?"

"వస్తే మెసేజీ వస్తుంది."

"ఏం మెసేజీ?"

అతను ఆమె మొహంలోకి చూశాడు. నిజంగానే తెలియదని అర్థమైంది. "నీకెవరూ చెప్పలేదా? వేలు పెట్టిన నిమిషంలో ఫోనుకు వస్తుంది. మీ గుర్తింపు ఫలానా గంటకు పెద్దాసుపత్రి హెచ్‌ఐవి చికిత్స కేంద్రంలో నిర్ధారణ అయింది అని. అక్షరం పొల్లుపోకుండా. మన గదికి బోర్డు లేదు, ఫోనుకు మాత్రం బోర్డు వచ్చింది. మొదటిసారి నా అదృష్టం, ఫోను ఆ పూట నా జేబులో ఉంది, చెరిపేశాను. ఇప్పుడది పొద్దస్తమానం మా ఆవిడ చేతిలోనే." అతను టేపు చుట్టాడు. "చస్తే నా చావు నేను చస్తానక్కా. మా ఆవిడ చేతిలో ఫోను మోగి మాత్రం చావను."

బయటినుంచి భార్య, "ఎంతయిందండీ కొలత?" అని కేకేసింది.

"పదిహేనున్నర," అన్నాడు దర్జీ గట్టిగా. ఆమె భుజం కొలత అది కాదు.

కార్డులమ్మ రోడ్డు మీదికి వచ్చి, కరెంటు స్తంభం నీడలో కాసేపు నిలబడింది. సంఖ్య తీసుకునేటప్పుడు ఎవరి ఫోను రాయించారో ఆ ఫోనుకే మెసేజీ పోతుంది. ఇంటికి ఒకటే ఫోను ఉన్న రోజుల్లో అందరూ ఇంటిపెద్ద నంబరే రాయించారు. ఆరొందల పన్నెండు ఎవరి నంబరు రాయించి ఉంటుంది? ఆ పిల్ల బొటనవేలిని తడిగుడ్డతో తుడిచి నొక్కింది తన చెయ్యే.

ఆ పిల్ల మాటల మధ్య ఒకసారి పిన్ని సంగతి చెప్పింది. సబ్బుల కార్ఖానా వెనక లైను ఇళ్లలో ఉంటుందని. పిన్నినడిగితే కబురైనా తెలుస్తుందని ఆదివారం కార్డులమ్మ అక్కడికి పోతే, కుళాయి దగ్గర ఆ అమ్మాయే బట్టలు పిండుతూ కనపడింది. మనిషి సగమైపోయింది.

"మామయ్య వసారాలో కూర్చుని ఉన్నాడమ్మా," అంది ఆ పిల్ల, పిండిన బట్ట మళ్లీ పిండుతూ. "నేనింకా బస్సులోనే ఉన్నాను. నేనొచ్చేసరికి ఆయన మెసేజీ చదవడం, అత్తయ్యకు వినిపించడం, మా ఆడపడుచుకు ఫోను చేయడం అన్నీ అయిపోయాయి. నా సంచీ గేటు బయట పెట్టారు. నా కొడుకు చావుకు నువ్వే కారణమని అత్తయ్య వీధంతా వినపడేలా అంది. నాకెవరిచ్చారో ఆమెకెలా చెప్పను? చెబితే నమ్ముతుందా?"

"మాత్రలు?"

"ఆ రోజు తెచ్చుకున్నవి నెలలో అయిపోయాయి. నేను మళ్లీ రాలేదు." తలెత్తకుండానే అంది, "నీ మీద కోపం లేదమ్మా. కానీ ఆ రోజు వద్దనుకున్నాను. వేలు నువ్వే పట్టుకుని పెట్టావు."

కార్డులమ్మ అక్కడే తడి గట్టు మీద కూర్చుంది. క్షమించమని అడగలేదు. అడిగితే ఆ భారం కూడా ఆ పిల్ల మీదే పడుతుందని ఆమెకు తెలుసు. "గురువారం రా," అంది. "వేలు అక్కర్లేదు. నేను చూసుకుంటాను."

"ఎలా చూసుకుంటావు?"

"అది నా సంగతి. నువ్వు గురువారం రా."

సోమవారం పొద్దున ఆమె గది ఊడ్చి, బల్ల తుడిచి, మిషను తీగ గోడలోంచి పీకి, దాని మీద శుభ్రమైన గుడ్డ కప్పింది. సొరుగులు తెరిచింది. మందుల గుమాస్తా, ఆమె భర్తకు పాత స్నేహితుడు, తలుపు దగ్గరే ఆగిపోయాడు.

"వదినా, ఏం చేస్తున్నావు? మిషను మీద ముద్ర పడకపోతే మాత్ర ఇవ్వకూడదని ఆర్డరుంది."

"ఆర్డరు నేనూ చదివాను. కార్డు మీద తేదీ వేసి నేను సంతకం పెడతాను. నువ్వు నా సంతకం చూసి ఇచ్చానని రాసుకో. తప్పు నాది."

"ఇంకా ఆరేళ్ల సర్వీసుంది నీకు."

"అందుకే చేస్తున్నాను. రేపు మానేసే మనిషైతే ఎవరైనా చేస్తారు."

డాక్టరమ్మ వచ్చి గుడ్డ కప్పిన మిషను వైపు ఒక్క క్షణం చూసింది. "మొదటి కార్డు పంపండి," అని లోపలికి పోయింది.

దర్జీ, కోటు భుజాలు వదులు చేసి తనే తెచ్చిచ్చే నెపంతో వచ్చి, వేలు పెట్టకుండానే మందు తీసుకెళ్లాడు. అతనితో మొదలైన కబురు, ఎవరూ చెప్పకుండానే, పాకింది. నోట్లో నువ్వుగింజ నానని లోకంలో కూడా కొన్ని కబుర్లు చేరాల్సినవాళ్లకే చేరతాయి. కబురు చేరనివాళ్ల కోసం కార్డులమ్మ సాయంత్రాలు తిరిగింది. కూరగాయల బండి దగ్గర బేరమాడింది, సైకిలు బాగుచేసే చోట లేని సైకిలు గురించి అడిగింది, కుట్టించాల్సిన అవసరం లేని చెప్పు కుట్టించుకుంది. గురువారం ఆరొందల పన్నెండు వచ్చింది, పిన్నిని తోడు తీసుకుని. కార్డులమ్మ తేదీ వేస్తుంటే కలం ఒత్తిడికి కార్డు అవతలి వైపు కూడా అంకె తేలింది.

పదిహేను రోజులకే పట్టుబడింది. గదినుంచి ఒక్క ముద్రా రాకపోతే పైన తెలియకుండా ఉంటుందా? మొదట ఫోను, తర్వాత మెమో, ఆ తర్వాత సంజాయిషీ నోటీసు. ఎందుకు క్రమశిక్షణ చర్య తీసుకోకూడదో వారం లోపల చెప్పాలని. ఆమె ఒకటిన్నర పేజీ జవాబు రాసింది. అందులో 'పొరపాటున' అన్న మాట పెట్టమని సూపరింటెండెంటు బతిమాలాడు. "ఆ ఒక్క మాట రాయండమ్మా, ఫైలు మూసేస్తాను."

"పొరపాటున చేసింది ముందు రెండు నెలలండీ. ఇప్పుడు చేస్తున్నది తెలిసే చేస్తున్నాను," అంది. ఆ వాక్యమే జవాబులో రాసింది కూడా.

ఆ రాత్రి అత్తగారు, "ఉద్యోగం ఊడుతుందా?" అని అడిగింది.

"ఊడొచ్చు."

"ఊడితే ఊడింది. మీ ఆయన అంబులెన్సు నడిపేటప్పుడు మెమోలతో ఒక పెట్టె నిండింది. ఎర్రదీపం దగ్గర ఆగలేదని ఒకటి, గేటు గుద్దాడని ఒకటి. మనిషి బతికాడా లేదా అని మాత్రం ఒక్కరూ అడగలేదు. పడుకో," అంది, దుప్పటి లాక్కుంటూ.

విచారణాధికారి ముఖ్య కార్యాలయంనుంచి వచ్చాడు. నడివయసు మనిషి, మాట మెత్తన. పదిహేడో గదిలోనే కూర్చున్నాడు. పక్కన సూపరింటెండెంటు, ఎదురుగా కార్డులమ్మ, గోడవారన డాక్టరమ్మ.

"మీ జవాబు చదివాను. మీరు రాసింది నిజమే కావచ్చు," అన్నాడు. "కానీ నేను ఫైల్లో రాయాలంటే ఆధారం కావాలి. మెసేజీ వల్ల నష్టపోయినవాళ్ల పేర్లు ఇవ్వండి. పిలిపించి మాట్లాడతాను."

"పేర్లు ఉన్నాయండీ. ఇవ్వను."

"మొత్తం అక్కర్లేదు. ఒక్క పేరు."

"ఒక్కటైనా పేరు పేరేనండి. మీరు పిలిపిస్తే ఉత్తరం ఇంటికి పోతుంది. ఇంట్లో ఎందుకని అడుగుతారు. గుట్టు పోయిందని చెప్పడానికి మిగిలిన గుట్టు కూడా పోగొట్టుకోమంటే ఎవరొస్తారు?"

అధికారి కలం బల్ల మీద పెట్టాడు. "మరి నేను దేన్ని నమ్మాలి?"

కార్డులమ్మ లేచి, మిషను మీది గుడ్డ తీసి, తీగ గోడలో పెట్టింది. ఎర్రదీపం వెలిగింది. మిషనును ఆయన ముందుకు జరిపింది.

"మీ వేలు ఒకసారి పెట్టండి సార్."

"నేను రోగిని కాదు కదమ్మా."

"మిషనుకు ఆ సంగతి తెలియదు సార్. పేషెంటా కాదా అని అడగదు, మనిషెవరని మాత్రమే అడుగుతుంది. సిబ్బందిగా నా వేలితో మిషను తెరుస్తాను, మీరు పెట్టండి. మందు ఇవ్వను. ఊరికే పెట్టండి."

ఆయన నవ్వబోయి ఆగాడు. చెయ్యి ముందుకు వచ్చింది. సగం దూరంలో నిలిచింది. "మెసేజీలో సరిగ్గా ఏముంటుంది?"

ఆమె దర్జీ చెప్పినట్టే అక్షరం పొల్లుపోకుండా చెప్పింది. "మీ సంఖ్య మీద ఏ ఫోను ఉందో ఆ ఫోనుకు వస్తుందండీ."

"నా సంఖ్య మీద మా ఇంటి ఫోనుంది," అన్నాడాయన, ఎవరికో కాదు, తనకు తానే చెప్పుకుంటున్నట్టు. "మా అమ్మాయికి సంబంధం మాట్లాడుతున్నాం. ఫోను వాళ్లావిడ దగ్గర, అంటే మా ఆవిడ దగ్గర ఉంటుంది..." తడబడి ఊరుకున్నాడు.

"పోనీ సూపరింటెండెంటుగారు పెడతారేమో," అంది కార్డులమ్మ.

సూపరింటెండెంటు రెండు చేతులూ వెనక్కి కట్టుకుని గోడమీది క్యాలెండరు చూడసాగాడు. డాక్టరమ్మ దగ్గొచ్చినట్టు నోటికి గుడ్డ అడ్డం పెట్టుకుంది.

అధికారి చెయ్యి వెనక్కి తీసుకుని, కలం అందుకుని చాలాసేపు రాశాడు. ఆయన నిజాయితీపరుడు. తర్వాత నివేదిక నకలు వచ్చినప్పుడు అందులో ఒక వాక్యం దగ్గర కార్డులమ్మ ఆగిపోయింది: 'రోగిని కాకపోయినా నా వేలు ఆ మిషను మీద పెట్టడానికి నాకు ధైర్యం చాలలేదు.'

అదే నివేదికలో, ఉద్యోగి ఉత్తర్వులు ధిక్కరించిన మాట వాస్తవమేనని కూడా ఉంది. ఆమెకు ఇక పదోన్నతి లేదు. రిటైరయ్యేదాకా అదే కుర్చీ. శిక్ష వేసినవాళ్లకు ఆ కుర్చీ సంగతి తెలిసినట్టు లేదు, లేకపోతే ఇంకేదైనా వేసేవాళ్లు. మూడు వారాల తర్వాత ఆ గదినుంచి పోయే మెసేజీలు ఆగిపోయాయి. రెండు నెలలకు, వేలిముద్ర ఇష్టమున్నవాళ్లే వేయవచ్చనీ లేనివాళ్లకు కార్డు చాలనీ ఉత్తర్వు వచ్చింది. ఆ గదికి మాత్రమే, మళ్లీ చెప్పేవరకు మాత్రమే. అంతకుముందు పడిన ముద్రలు చెరపగలరా అని ఆమె రాసి అడిగింది. వీలుకాదని జవాబు వచ్చింది. మళ్లీ రాసింది. మళ్లీ అదే జవాబు. మూడోసారి రాసిన ఉత్తరం ఇంకా ఏదో బల్ల మీద ఉంది. నలభై ఒక్కమందిలో ఇరవై ఏడుగురు తిరిగొచ్చారు. లారీ డ్రైవరు ఒకడు మందు మానేసిన నాలుగో నెలలో పోయాడు. మిగిలిన పదముగ్గురి కోసం ఆమె సాయంత్రాలు తిరుగుతూనే ఉంది.

ఆరొందల పన్నెండుకు ఇంకో చిక్కు మిగిలింది. ఆమె సంఖ్య మీద ఇప్పటికీ మామగారి ఫోనే ఉంది. బ్యాంకుకు పోయినా, పని కోసం ఎక్కడ వేలు పెట్టినా కబురు ఆయనకే పోతోంది. నంబరు మార్పించుకుందామని గుర్తింపు కార్యాలయానికి పోతే, మార్చడానికి అంకెల కోడు ఒకటి వస్తుంది, అది చెప్పాలన్నారు. కోడు ఎక్కడికొస్తుందంటే పాత ఫోనుకు.

"ఆ ఫోను ఉన్నవాళ్లు నన్ను వెళ్లగొట్టారండీ," అంది ఆ పిల్ల.

"కోడు లేకుండా మా చేతిలో ఏమీ లేదమ్మా. వచ్చే వారం రండి," అన్నాడు కౌంటరులో ఆయన.

నాలుగు వారాలు అలాగే జరిగింది. అయిదోసారి కార్డులమ్మ సెలవు పెట్టి తోడొచ్చింది. సంచిలో ఇద్దరికీ అన్నం డబ్బాలు, నీళ్ల సీసా, ఒక దుప్పటి కూడా తెచ్చింది. కౌంటరు ఆయన దుప్పటి చూసి, "ఇదెందుకండీ?" అన్నాడు.

"నడుం నొప్పి బాబూ. సాయంత్రం దాకా కూర్చోవాలి కదా. మీరు మీ పని చూసుకోండి, మేం తొందరపెట్టం."

"వచ్చే వారం రమ్మన్నాను కదా."

"వచ్చే వారం కూడా వస్తాం. ఇవాళ కూడా ఉంటాం."

బల్లకు ఎదురుగా, వచ్చేపోయేవాళ్లకు అడ్డం కాకుండా, అయితే అందరికీ కనపడేలా, బెంచీ మీద దుప్పటి మడిచి వేసుకుని ఇద్దరూ కూర్చున్నారు. మధ్యాహ్నం అన్నం తిన్నారు. కౌంటరు ఆయన మూడుసార్లు చూసి, మూడుసార్లు చూపు తిప్పుకున్నాడు. నాలుగు గంటలకు లోపలి గదిలోంచి పై అధికారిణి వచ్చి ఏమిటని అడిగింది. ఆ అమ్మాయే లేచి చెప్పింది. జబ్బు సంగతి చెప్పలేదు. "నా వేళ్లు పదీ మీ దగ్గరున్నాయి, కళ్లు రెండూ మీ దగ్గరున్నాయి. వాటిని బట్టి నేనే నేనని మీ మిషను చెబుతుంది కదండీ. మరి మా మామగారి ఫోను ఒప్పుకుంటేనే నేనవుతానా?"

అధికారిణి కౌంటరు వైపు తిరిగింది. "వేళ్లూ కళ్లూ తీసుకుని మార్చడానికి నిబంధన ఉంది కదా. ఎందుకు చేయలేదు?"

"ఫారం వేరేదండీ... ఎవరూ అడగలేదు," అని నీళ్లు నమిలాడు ఆయన.

ఫారం వెతకడానికి అరగంట పట్టింది, నింపడానికి పది నిమిషాలు. అయిదున్నరకు ఆ పిల్ల చేతిలోని చిన్న ఫోను మోగింది. ఇంతకాలం మామగారి వసారాలో మోగుతున్న కబురు మొదటిసారి ఆమెకే వచ్చింది. చదివి, కార్డులమ్మకు చూపించకుండానే జేబులో పెట్టుకుంది. కార్డులమ్మ అడగలేదు. దుప్పటి దులిపి మడుస్తోంది.

"ఇంకా ఎవరైనా ఉన్నారా అమ్మా, నాలాగా ఈ ఫారం కావాల్సినవాళ్లు?" అంది ఆ పిల్ల మెట్లు దిగుతూ.

"తొమ్మిదిమంది."

"అయితే ఇంకో రెండు ఫారాలు అడిగి తెస్తాను ఉండు. జిరాక్సు తీయిద్దాం," అని వెనక్కి తిరిగి మెట్లెక్కింది. కౌంటరు మూసే వేళయింది. తలుపు దగ్గర ఆమె గొంతు, ఎవరికీ జంకకుండా, స్పష్టంగా వినిపించింది.